బొమ్మ ఫ్రీ అయితే బిల్లు ఎవరికి?

2025 నవంబర్‌లో హైదరాబాద్ సైబర్ క్రైమ్ పోలీసులు కూకట్‌పల్లిలో ఒకతన్ని అరెస్టు చేశారు. ఐబొమ్మ, బప్పం అనే సైట్లు నడిపింది అతనేనని పోలీసులు చెప్తున్నారు. అది కోర్టులో తేలాల్సిన విషయం, అతని పేరుతో ఈ వ్యాసానికి పని లేదు. అరెస్టు వార్త కంటే నన్ను ఎక్కువ ఆలోచింపజేసింది ఆ తర్వాత రెండు రోజులు మా క్లాస్ వాట్సాప్ గ్రూపు. మొత్తం మీమ్సే. "పేదోళ్ల దేవుడు" అని ఒకడు, "అన్నా నువ్వు లేకపోతే మా వీకెండ్ ఎట్లా" అని ఇంకొకడు. లక్షన్నర లాప్‌టాప్ వాడే మావాడొకడు కూడా పేదోళ్ల తరఫున బాధపడ్డాడు!

నేను వాదనకు దిగాను. సీఎస్ఈ వాళ్లం కదా, వాదన మొదలైతే రాత్రి రెండు దాకా ఆగదు. అవతలి వైపు నుంచి వచ్చిన మాటలు ఇవి. హీరోలు కోట్లు తీసుకుంటున్నారు, వాళ్లకేం తక్కువ? టికెట్ రేట్లు అట్లా పెంచితే జనం ఏం చేయాలి? ఇంకోటి, అన్నిట్లోకీ తెలివైనది: "కాపీ చేస్తే దొంగతనం ఎట్లయితది రా? నా బైక్ నువ్వు ఎత్తుకపోతే నాకు బైక్ ఉండదు. సినిమా కాపీ చేస్తే ఒరిజినల్ ఆడనే ఉంటది కదా. ఏం పోయింది ఆళ్లకు?"

ఈ మూడో ప్రశ్నకు ఆ రాత్రి నేను సరిగ్గా జవాబు చెప్పలేకపోయాను. తర్వాత చదివి, ఆలోచించి రాస్తున్నది ఇది. మన మ్యాగజైన్ చదివేవాళ్లలో సగం మంది టెక్నికల్ వాళ్లు, సగం మంది సినిమా పిచ్చోళ్లు, చాలామంది రెండూ. అందుకే రెండు వైపులా రాస్తున్నాను.

పసుపు లెక్క

మాది ముప్కాల్. నిజామాబాద్ జిల్లాలో ఆర్మూర్ దగ్గర, హైవే మీద ఉంటుంది. 2016లో మండలం అయ్యింది. మా దిక్కు ఎవరి పొలం చూసినా పసుపు కనిపిస్తుంది. జూన్‌లో పెడితే మళ్లీ సంవత్సరం జనవరి, ఫిబ్రవరి దాకా భూమిలోనే ఉంటుంది. తవ్వాలి, ఉడకబెట్టాలి, ఆరబెట్టాలి, పాలిష్ పట్టాలి. అప్పుడు గానీ నిజామాబాద్ గంజ్‌కు పోదు. ఎరువు, కూలీలు, నీళ్లు, ట్రాక్టర్ కిరాయి, పెట్టుబడి అంతా ముందే పెట్టాలి. చేతికి రూపాయి వచ్చేది కాంటా మీద బస్తా పెట్టిన రోజే.

సినిమా కూడా అచ్చం ఇట్లాంటి పంటే. కథ, షూటింగ్, ఎడిటింగ్, సీజీ, డబ్బింగ్, అన్నిటికీ ఖర్చు ముందే అయిపోతుంది. మొదటి టికెట్ తెగేసరికి నిర్మాత చేతిలో మిగిలేది వడ్డీ లెక్క. మొదటి కాపీ తయారు కావడానికి కోట్లు, రెండో కాపీకి దాదాపు సున్నా. మా ఎకనామిక్స్ సార్ భాషలో చెప్తే ఫిక్స్‌డ్ కాస్ట్ మొత్తం మొదటి కాపీలోనే ఉంది. పైరసీ చేసేవాడికి ఆ ఖర్చు లేదు, అందుకే ఫ్రీగా ఇవ్వగలడు.

ఇప్పుడు మావాడి ప్రశ్నకు వద్దాం. గంజ్‌లో మా బాపు పసుపు బస్తా పెట్టుకుని కూర్చున్నాడు అనుకుందాం. పక్కనే ఒకడు ఏదో మిషన్‌తో అదే పసుపును జిరాక్స్ తీసి ఊరికే పంచుతున్నాడు. మా బాపు బస్తా అక్కడే ఉంది, ఒక్క కొమ్ము కూడా పోలేదు. కానీ కొనేవాడు ఎవడు? తొమ్మిది నెలల కష్టానికి రేటు ఉండదు. బస్తా పోకపోవచ్చు, ధర పోయింది. ఇంకో సంగతి కూడా ఉంది. మా దగ్గర పంటలోంచి కొంత పసుపు విత్తనానికి దాచుకుంటారు, వచ్చే ఏడు మళ్లీ పెట్టుకోవడానికి. ఒక సినిమా మీద వచ్చిన డబ్బు నిర్మాతకు ఇంకో సినిమాకు విత్తనం. అది కూడా వండుకుని తినేస్తే వచ్చే ఏడు చేను బీడే.

అయితే నా పోలిక ఒక చోట పనిచేయదు, అది కూడా చెప్పాలి. పసుపు తింటే అయిపోతుంది. సినిమా ఎంతమంది చూసినా అయిపోదు, పైగా ఎక్కువమంది చూస్తే ఇంకా పెద్దది అవుతుంది. ఈ చిక్కు మా జిల్లాలోనే ఒకసారి బయటపడింది.

బలగం రాత్రులు

2023 మార్చి 3న 'బలగం' విడుదలైంది. వేణు ఎల్దండి దర్శకుడిగా తీసిన మొదటి సినిమా. పెద్ద హీరో లేడు. ఒక ముసలాయన చనిపోతాడు, పిట్ట ముట్టదు, విడిపోయిన ఇల్లు మళ్లీ దగ్గరవుతుంది, కథ అంతే. నిర్మాణం దిల్ రాజు ప్రొడక్షన్స్. దిల్ రాజు గారిది కూడా నిజామాబాద్ జిల్లానే. క్లైమాక్స్‌లో పాడింది బుర్రకథ చెప్పుకునే కొమురమ్మ, మొగిలయ్య దంపతులు, వరంగల్ జిల్లా దుగ్గొండి వాళ్లు. 'ఊరు పల్లెటూరు' పాటకు కాసర్ల శ్యామ్‌కు జాతీయ అవార్డు వచ్చింది.

మార్చి 24న సినిమా అమెజాన్ ప్రైమ్‌లోకి వచ్చింది. ఆ తర్వాత జరిగింది తెలుగు సినిమా చరిత్రలో అరుదు. ఊళ్లల్లో జనం తెరలు కట్టి, ప్రొజెక్టర్లు తెచ్చి, ఊరంతా కూర్చుని రాత్రిపూట బలగం చూశారు. చాపలు, మంచాలు వేసుకుని, ముసలోళ్లు, పిల్లలు అందరూ. సినిమా అయ్యాక ఏడ్చిన వాళ్ల వీడియోలు, మాటల్లేని అన్నదమ్ములు కలిసిపోయారన్న వార్తలు టీవీల్లో వచ్చాయి.

ఏప్రిల్ మొదట్లో శ్రీ వెంకటేశ్వర క్రియేషన్స్ తరఫున నిజామాబాద్ పోలీసులకు ఫిర్యాదు వెళ్లింది. అనుమతి లేకుండా ఊళ్లల్లో వేస్తున్న ఈ షోలు ఆపించాలని. జనానికి కోపం వచ్చింది. మా కథ తీసి మమ్మల్నే చూడొద్దంటారా అని.

చట్టం ప్రకారం చూస్తే కంపెనీ చెప్పింది కరెక్టే. ఇంట్లో చూసుకోవడానికి కట్టిన ఓటీటీ చందాతో ఊరంతటికీ తెర కట్టి చూపించే హక్కు రాదు. బహిరంగ ప్రదర్శన హక్కు వేరు, దానికి అనుమతి వేరు. కానీ నాకు ఈ ఊరి షోలనూ, ఐబొమ్మనూ ఒకే గాటన కట్టాలంటే మనసు ఒప్పదు. ఊళ్లో తెర కట్టినవాడు దాని మీద సంపాదించలేదు. ఎవరు చూశారో అందరికీ తెలుసు, దాక్కుని చేసింది కాదు. అన్నిటికంటే ముఖ్యం, ఆ ముసలోళ్లల్లో చాలామంది ఆర్మూర్ దాకా పోయి టికెట్ కొనేవాళ్లు కాదు, ఫోన్లో ఓటీటీ పెట్టుకునేవాళ్లు అసలే కాదు. అంటే అక్కడ పోయిన టికెట్లు తక్కువ, దొరికిన ప్రేక్షకులు ఎక్కువ.

నా దృష్టిలో ఇది దొంగతనం కంటే ఎక్కువగా, ఎవరూ తెరవని దుకాణం. గ్రామ పంచాయతీ ఒక షోకు వెయ్యో రెండు వేలో కట్టి అధికారికంగా సినిమా వేయించుకునే పద్ధతి ఉంటే ఎన్నో ఊళ్లు కట్టేవి. వినాయక చవితికి డీజేకు దానికంటే ఎక్కువే కడతాం. ఆ డబ్బు చిన్న సినిమాకు నిజంగా పెద్ద డబ్బు.

ఇక అసలు పైరసీ సంగతి వేరు. అది ఎట్లా నడుస్తుందో చూడాలంటే ముందు సినిమా థియేటర్‌కు ఎట్లా చేరుతుందో తెలియాలి. ఇక్కడ మన సిలబస్ పనికొస్తుంది.

తాళం, తాళంచెవి

రీలు డబ్బాలు బస్సెక్కి వచ్చే రోజులు పోయాయి. ఇప్పుడు థియేటర్‌కు వచ్చేది డిజిటల్ సినిమా ప్యాకేజ్, డీసీపీ అంటారు. హార్డ్ డిస్క్ మీదైనా వస్తుంది, శాటిలైట్ లేదా నెట్ ద్వారా అయినా వస్తుంది. సెకనుకు 24 ఫ్రేములు. రెండున్నర గంటల సినిమా అంటే 2,16,000 ఫ్రేములు. ఒక్కో ఫ్రేమును విడివిడిగా జేపెగ్ 2000 పద్ధతిలో కుదిస్తారు. ఆ తర్వాత మొత్తాన్ని ఏఈఎస్-128తో ఎన్‌క్రిప్ట్ చేస్తారు. (ఎన్‌క్రిప్షన్‌కు 'గూఢలిపీకరణ' అనే పదం ఉందట. మన క్లబ్ ప్రెసిడెంట్ వాడమంది. నేను రెండుసార్లు పలికి చూసి వదిలేశాను.)

అంటే డిస్క్ దొంగిలించినా లాభం లేదు, తాళం వేసి ఉంటుంది. తాళంచెవి వేరుగా వస్తుంది, దాని పేరు కేడీఎం. మనం నెట్‌వర్క్ సెక్యూరిటీలో చదివే పబ్లిక్ కీ, ప్రైవేట్ కీ కథే ఇది. ఏఈఎస్ కీని ఫలానా థియేటర్ సర్వర్ పబ్లిక్ కీతో ఆర్ఎస్ఏ పద్ధతిలో మూస్తారు. ఆ సర్వర్ లోపల ఉన్న ప్రైవేట్ కీ తప్ప ఇంకేదీ దాన్ని తెరవలేదు. పైగా ఆ చెవికి గడువు ఉంటుంది, ఫలానా రోజు నుంచి ఫలానా రోజు దాకా అని. ఆర్మూర్ థియేటర్‌కు ఇచ్చిన చెవి నిజామాబాద్‌లో పనిచేయదు. శుక్రవారానికి ఇచ్చింది గురువారం రాత్రి పనిచేయదు.

ఇంకా ఉంది. తెర మీద బొమ్మ పడుతున్నప్పుడే సర్వర్ అందులో కంటికి కనపడని గుర్తు కలుపుతుంది. హాలీవుడ్ స్టూడియోలు పెట్టుకున్న డీసీఐ ప్రమాణం ప్రకారం ప్రతి ఐదు నిమిషాల సినిమాలో 35 బిట్ల సమాచారం దాగి ఉండాలి. అందులో 19 బిట్లు ఏ చోటు అన్నదానికి, 16 బిట్లు ఏ సమయం అన్నదానికి. 19 బిట్లంటే 5,24,288 చోట్లు, ప్రపంచంలోని థియేటర్ తెరలకు సరిపోతుంది. సమయానికి 16 ఎందుకు, 15 చాలదా? కాలాన్ని 15 నిమిషాల ముక్కలుగా లెక్కపెడతారు. గంటకు 4, రోజుకు 96, 366 రోజులకు 35,136. 15 బిట్లలో 32,768 మాత్రమే పడతాయి. కొంచెంలో తప్పిపోయింది, అందుకే 16. ఇట్లాంటి లెక్క పరీక్షలో వస్తే మనం విసుక్కుంటాం గానీ ఇక్కడ దొంగను పట్టిస్తుంది. మన దేశంలో ప్రతి థియేటరూ ఈ ప్రమాణంలోనే నడవదు, కానీ సూత్రం అదే. దొంగ కాపీని పరిశీలిస్తే ఏ థియేటర్, ఏ రోజు, ఏ షో అన్నది తెలుస్తుంది. ఏ సీటో మాత్రం చెప్పదు.

ఇంత గట్టి తాళం ఉన్నా సినిమాలు ఎట్లా బయటికి వస్తున్నాయి? మూడు దారులు. మొదటిది అన్నిటికంటే పాతది, తెర ముందు కెమెరా. మనిషి కంటికి కనిపించాలంటే తాళం తీయాల్సిందే, తీశాక కెమెరాకూ కనిపిస్తుంది. ఏ గణితమూ దీన్ని ఆపలేదు. 2025 జూలైలో హైదరాబాద్ పోలీసులు పట్టుకున్న ఒకతను జేబులో ఫోన్ పెట్టుకుని యాప్‌తో పదుల సినిమాలు రికార్డు చేశాడని, డబ్బు క్రిప్టోలో తీసుకున్నాడని చెప్పారు. రెండోది ఓటీటీ. విడుదలైన గంటల్లోనే శుభ్రమైన హెచ్‌డీ కాపీ బయటికి వస్తుంది, ఎందుకంటే ప్లే అయ్యేది మన ఫోన్‌లోనే, తాళంచెవి కూడా మన ఫోన్‌లోనే ఉండాలి. తాళం, చెవి రెండూ దొంగ చేతిలోనే పెట్టి దాచుకో అన్నట్టు.

మూడోది మనుషులు, వాళ్ల పాస్‌వర్డ్‌లు. 2025 సెప్టెంబర్ చివర్లో హైదరాబాద్ పోలీసులు ఒక ముఠాను పట్టుకున్నట్టు ప్రకటించారు. అందులో ఒకతను థియేటర్లకు సినిమాలు పంపే డిజిటల్ కంపెనీల సర్వర్లలోకే చొరబడ్డాడని చెప్పారు. ఏఈఎస్‌ను ఎవరూ పగలగొట్టలేదు, దాని చుట్టూ ఉన్న గోడ దూకారు. లోపలి మనిషి చేసేది కూడా ఈ కోవలోదే. 2013లో 'అత్తారింటికి దారేది' విడుదలకు ముందే దాదాపు గంటన్నర సినిమా బయటికి వచ్చి కృష్ణా జిల్లా పెడనలో సీడీలుగా అమ్ముడైన సంగతి మన అన్నయ్యల తరం మరిచిపోలేదు. ప్రొడక్షన్‌లో పనిచేసినవాళ్ల చేతుల్లోంచే జారిందని కేసు. అక్టోబర్ 9న అనుకున్న సినిమాను హడావిడిగా సెప్టెంబర్ 27కే తెచ్చారు.

కాంటా ఎక్కింది ఎవరు

మీమ్స్ వేసిన మిత్రులకు నేను ముఖ్యంగా చెప్పాలనుకున్నది ఈ భాగం. ఐబొమ్మలాంటి సైటు నడపడానికి సర్వర్లు కావాలి. లక్షలమంది ఒకేసారి వీడియో చూస్తే వచ్చే బిల్లు ఎంతుంటుందో మన మినీ ప్రాజెక్టుకు క్లౌడ్ క్రెడిట్లు అయిపోయిన వాళ్లను అడగండి. పైగా డొమైన్లు కొనాలి, ఒకటి బ్లాక్ అయితే ఇంకొకటి. అసలు సర్వర్ ఎక్కడుందో కనపడకుండా మధ్యలో సీడీఎన్ కంపెనీలను పెట్టుకోవాలి. నెలనెలా ఇంత ఖర్చు పెట్టి మనకు సినిమా ఊరికే చూపించేంత ప్రేమ ఎవరికుంటుంది?

పోలీసులు చెప్పిన ప్రకారం డబ్బు వచ్చింది బెట్టింగ్ యాప్‌ల నుంచి. సినిమా కోసం నొక్కితే మధ్యలో ఇంకో పేజీ తెరుచుకుంటుంది కదా, మనం చిరాకుపడి మూసేస్తాం కదా, అసలు వ్యాపారం ఆ పేజీయే. వంద మందిలో తొంభై తొమ్మిది మంది మూసేస్తారు. ఒకడు ఐదు వందలు పెట్టి చూద్దాం అనుకుంటాడు. ఆ ఒక్కడి కోసమే ఈ సినిమా పండగంతా. దాదాపు 50 లక్షలమంది యూజర్ల వివరాలు కూడా ఆ సైటు దగ్గర ఉన్నాయని పోలీసులు ప్రకటించారు. ఫోన్ నంబర్లు, ఈమెయిళ్లు ఒక చోట చేరితే వాటికి ఏ బజార్లో ఏ రేటు పలుకుతుందో సైబర్ సెక్యూరిటీ ఎలెక్టివ్ తీసుకున్నవాళ్లకు చెప్పక్కర్లేదు.

తెలంగాణలో డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలను 2017లోనే నిషేధించారు. 2025 ఆగస్టులో దేశం మొత్తానికీ చట్టం వచ్చింది. బెట్టింగ్ అప్పులతో ప్రాణాలు తీసుకున్న కుర్రాళ్ల వార్తలు మనం చదువుతూనే ఉన్నాం, వాళ్లల్లో ఇంజినీరింగ్ చదివేవాళ్లూ ఉన్నారు. గంజ్ భాషలో అడుగుతాను. ఇక్కడ కాంటా మీద పెట్టింది దేన్ని? సినిమాను అయితే కాదు, దాన్ని ఊరికే పంచుతున్నారు. తూకం వేసి అమ్ముతున్నది చూసేవాడిని.

ఎంత నష్టం?

ఇక్కడ రెండు వైపులా అతి ఉంది. 2024లో తెలుగు పరిశ్రమకు 3,700 కోట్ల నష్టం అని పోలీసులు చెప్పారు. ఈవై, ఐఏఎంఏఐ కలిసి 2024 అక్టోబర్‌లో ఇచ్చిన నివేదిక దేశం మొత్తం మీద పైరసీ వ్యాపారం 2023లో 22,400 కోట్లు అంది. అందులో థియేటర్ల కంటెంట్ వాటా 13,700 కోట్లు, ఓటీటీది 8,700 కోట్లు. ఇట్లాంటి అంకెలు చూసినప్పుడు నేను అడిగేది ఒకటే: దొంగ కాపీ చూసిన ప్రతివాడూ లేకపోతే టికెట్ కొనేవాడా? కొనడు. మా హాస్టల్లో ఒక రాత్రికి మూడు సినిమాలు చూసేవాడు మూడు టికెట్లు కొనేవాడని ఎవరూ నమ్మరు.

మరి ఎంతమంది కొనేవాళ్లు? యూరోపియన్ కమిషన్ చేయించిన ఒక అధ్యయనం 2017లో బయటికి వచ్చింది. సంగీతం, పుస్తకాల విషయంలో పైరసీ వల్ల అమ్మకాలు తగ్గాయని అది గట్టిగా చెప్పలేకపోయింది. కానీ కొత్తగా విడుదలైన పెద్ద సినిమాల విషయంలో మాత్రం పది సార్లు దొంగతనంగా చూస్తే చట్టబద్ధంగా చూసేవి నాలుగు తగ్గాయని తేల్చింది. ఆ నిష్పత్తి మన దగ్గరా అంతే అని అనలేం. అయినా పైరసీ సమర్థకులు సున్నా అంటారు, పరిశ్రమ వంద అంటుంది, నిజం మధ్యలో ఎక్కడో ఉందని తెలుస్తుంది. నలభై శాతం చిన్న విషయం కాదు. పసుపు రేటు నలభై శాతం పడిపోయిన ఏడు మా ఊళ్లో ఏం జరుగుతుందో మాకు బాగా తెలుసు.

టైమింగ్ కూడా ముఖ్యం. అమెరికాలో కార్నెగీ మెలన్ యూనివర్సిటీ పరిశోధకులు 2014లో అచ్చువేసిన పేపర్ ప్రకారం, విడుదలకు ముందే లీకైన సినిమా వసూళ్లు విడుదలయ్యాక లీకైన వాటితో పోలిస్తే సగటున 19 శాతం తగ్గాయి.

వెంటనే మావాడు అడిగాడు, "మరి అత్తారింటికి దారేది లీకైనా ఇండస్ట్రీ హిట్ అయింది కదా?" అయింది. 2018లో 'టాక్సీవాలా' విడుదలకు ముందే మొత్తం బయటికి వచ్చినా ఆడింది. కానీ పవన్ కళ్యాణ్ సినిమా లీకైతే అభిమానులు దాన్ని పరువు సమస్యగా తీసుకుని రెండోసారి, మూడోసారి చూస్తారు. ముఖ్యమంత్రి దాకా వార్త పోతుంది. కొత్త దర్శకుడు, కొత్త ముఖాలతో ఒక సినిమా తీస్తే లీకైందన్న సంగతి కూడా ఎవరికీ తెలియదు. దానికి మొదటి మూడు రోజులు ఎవరూ రారు, బాగుందన్న మాట నోటినోటా పాకి రెండో వారంలో జనం రావాలి. ఆ మాట పాకేలోపే ఫ్రీ కాపీ అందరి ఫోన్లో ఉంటే, "బాగుందంట, లింక్ పంపు" అనడమే మిగులుతుంది. పెద్ద సినిమా మొదటి మూడు రోజుల్లోనే సగం లాగేసుకుంటుంది, పైరసీ దాన్ని గీరుతుంది. నోటిమాట మీద బతికే బలగంలాంటి సినిమాను మాత్రం నరుకుతుంది. హీరోలు కోట్లు తీసుకుంటున్నారు కాబట్టి పర్లేదు అనేవాళ్లు చూడనిది ఇదే. దెబ్బ తగులుతున్నది కోట్లు తీసుకోని వాళ్లకు.

థియేటర్ల సంగతీ అంతే. 2024 మేలో తెలంగాణలో సింగిల్ స్క్రీన్లు జనం రావడం లేదని దాదాపు పది రోజులు మూసుకున్నాయి. దానికి ఎన్నికలు, ఐపీఎల్, పెద్ద సినిమాలు లేకపోవడం కూడా కారణాలు, అన్నీ పైరసీ నెత్తిన వేయలేం. 2025 మేలో అద్దె పద్ధతి వద్దు, వసూళ్లలో వాటా కావాలని ఎగ్జిబిటర్లు రెండు రాష్ట్రాల్లో మూసివేత దాకా వెళ్లారు. అద్దె కూడా రాని హాలు ఫంక్షన్ హాల్ అయిపోతుంది. అందులో ఆపరేటర్, గేటు దగ్గర టికెట్ చించే మనిషి, సైకిల్ స్టాండ్ కాక, ఇంటర్వెల్‌లో సమోసాలు అమ్మే అక్క, వీళ్లెవరికీ ఓటీటీలో ఉద్యోగం దొరకదు.

టికెట్ రేట్ల వాదనలో మాత్రం నేను మావాళ్ల వైపే. 2024 డిసెంబర్‌లో 'పుష్ప 2' బెనిఫిట్ షోకు టికెట్ మీద అదనంగా 800 రూపాయలు వసూలు చేసుకోవడానికి ప్రభుత్వమే అనుమతి ఇచ్చింది. నలుగురున్న ఇల్లు ఆ లెక్కన సినిమాకు పోతే ఒక రోజు కూలీతో అయ్యే పని కాదు. 2025 సెప్టెంబర్ 22 నుంచి వంద రూపాయల లోపు టికెట్ మీద జీఎస్టీ 12 నుంచి 5 శాతానికి తగ్గింది, ఆ లాభం చిన్న ఊళ్ల హాళ్లలో చూసేవాళ్లకు చేరితే మంచిదే. కానీ రేటు ఎక్కువ అన్న కోపం పెద్ద సినిమా బెనిఫిట్ షో మీద. ఫ్రీగా చూసేది మాత్రం ఎనభై రూపాయల టికెట్ ఉన్న చిన్న సినిమాను కూడా.

చట్టం గురించి రెండు ముక్కలు, ఇది తెలియక చాలామంది సరదాకు చేస్తున్నారు. 2023లో సినిమాటోగ్రాఫ్ చట్టాన్ని సవరించారు. అనుమతి లేకుండా హాల్లో సినిమా రికార్డు చేస్తే మూడు నెలల నుంచి మూడేళ్ల దాకా జైలు. జరిమానా కనీసం మూడు లక్షలు, గరిష్ఠంగా ఆడిట్ చేసిన నిర్మాణ ఖర్చులో ఐదు శాతం. వంద కోట్ల సినిమా అయితే ఐదు కోట్లన్నమాట. రికార్డు చేయడానికి ప్రయత్నించినా నేరమే. హీరో ఎంట్రీ సీన్ స్టేటస్ పెట్టేవాళ్లు ఒకసారి ఇది చదువుకోవాలి. అదే సంవత్సరం నవంబర్‌లో కేంద్రం నోడల్ అధికారులను పెట్టింది, ఫిర్యాదు వస్తే 48 గంటల్లో లింకులు తీయించడానికి. తెలంగాణలో 2016 నుంచే ఇట్లాంటి నేరాలకు ప్రత్యేక విభాగం ఉంది. ఢిల్లీ హైకోర్టు 2019లో ఇంకో పని చేసింది. ఒక దొంగ సైటును బ్లాక్ చేశాక అది పేరు మార్చుకుని వస్తే మళ్లీ కొత్త కేసు వేయక్కర్లేకుండా, పాత ఆర్డర్‌నే కొత్త పేర్లకూ వర్తింపజేసే వీలు కల్పించింది.

అయినా కోర్టు కాగితం కంటే డీఎన్ఎస్ వేగం ఎక్కువ. 48 గంటలంటే శుక్రవారం విడుదలైన సినిమాకు ఆదివారం. చిన్న సినిమా భవిష్యత్తు తేలిపోయేది ఆ మూడు రోజుల్లోనే. మన డిపార్ట్‌మెంట్లో ఫైనల్ ఇయర్ ప్రాజెక్టుకు టాపిక్ దొరకలేదని తిరుగుతున్న అన్నలకు, అక్కలకు ఇది నా వైపు నుంచి: మామూలు ఫోన్‌తో తీసిన వంకర వీడియోలోంచి కూడా ఆ 35 బిట్లను గంటలో చదవగలిగే ప్రోగ్రాం రాయండి. వీడియోను కుదించి, కత్తిరించి, వాట్సాప్‌లో పదిసార్లు పంపాక కూడా ఆ గుర్తు నిలబడుతుందా అన్నది మంచి రీసెర్చ్ ప్రశ్న. వచ్చే సెమిస్టర్ నేను ఇమేజ్ ప్రాసెసింగ్ తీసుకుంటున్నాను, ఎవరైనా మొదలుపెడితే డేటా సేకరించే పని నాకివ్వండి.